ఒకే తల్లి, రెండు సీసాలు: డాఫ్నియా మీద ప్రసంగ పాఠం

అందరికీ నమస్కారం. వెనక వరుసలో వాళ్లకు ఈ సీసాలు కనబడుతున్నాయా? ఆ పక్క లైటు ఒకటి ఆర్పేస్తే... ఆఁ, ఇప్పుడు బాగుంది.

బల్ల మీద రెండు గాజు సీసాలున్నాయి. నా ఎడమ చేతి వైపు సీసాలో తెల్లటి నలుసులు ఎగిరెగిరి పడుతున్నాయి. కుడి చేతి వైపు దాంట్లోనూ అలాంటి నలుసులే, కాకపోతే ఇటుకపొడి రంగులో ఉన్నాయి. కొత్తగా చూసినవాళ్లు రెండూ వేరే జాతులనుకుంటారు. కాదండీ, రెండు సీసాల్లో ఉన్నవీ డాఫ్నియా అనే చిన్న నీటి జీవులే, ఒకే తల్లి పిల్లలు. కొన్ని వారాల కిందట నేనే పంచాను. ఎడమ సీసాకు మూతి వెడల్పు, గాలి బాగా ఆడుతుంది. కుడి సీసాను నిండా నింపి, మూత పెట్టి, కదపకుండా ఒక మూల పెట్టేశాను. ఆ నీళ్లలో ఆక్సిజన్ తగ్గింది. తగ్గేసరికి ఇవి ఒంట్లో హీమోగ్లోబిన్ పెంచుకున్నాయి. మన రక్తంలో ఉండే పదార్థమే అది. మనకు ఎర్ర రక్తకణాల్లో ఉంటుంది, వీటికి నేరుగా రక్తద్రవంలోనే కరిగి ఉంటుంది. ఒళ్లంతా గాజులా ఉంటుంది కాబట్టి లోపలి రంగు బయటికి తెలిసిపోతోంది. ఈ ఎర్రవాటిని తీసుకెళ్లి ఎడమ సీసాలో వేస్తే కొన్నాళ్లకు మళ్లీ వెలిసిపోతాయి.

నేను ఇవాళ చెప్పబోయేదంతా ఈ రెండు సీసాల చుట్టూనే తిరుగుతుంది. ఈ జీవికి చేపనుంచి తప్పించుకునేంత వేగం లేదు, కొరికే పళ్లు లేవు, దూరిపోవడానికి గూడు లేదు. దానికున్నదల్లా నీళ్ల రుచి పట్టే తెలివి. ‘తెలివి’ అనే మాట ఇలాంటి చోట వాడకూడదని మా గురువుగారు కోప్పడేవారు. అయినా వాడేస్తున్నాను, ఇంతకంటే దగ్గరి మాట నాకు దొరకలేదు.

పేరు సంగతి ముందు తేల్చేద్దాం. ఇంగ్లీషులో వాటర్ ఫ్లీ అంటారు. ఫ్లీ అంటే కుక్క ఒంటి మీద ఎగిరే గోమారి లాంటిది. 1669లో యాన్ స్వామర్‌డామ్ అనే డచ్ శాస్త్రజ్ఞుడు దీన్ని వర్ణించినప్పుడే నీళ్లలో ఉండే గోమారి అన్నాడు, చేతులు చెట్టుకొమ్మల్లా చీలి ఉన్నాయని కూడా రాశాడు. మనవాళ్లలో నీటి ఈగ అనేవాళ్లున్నారు. ఇది ఈగా కాదు, గోమారీ కాదు, అసలు కీటకమే కాదు. రొయ్యలూ పీతలూ ఉండే క్రస్టేషియన్ల కుటుంబంలోది. ఎవరినీ కుట్టదు, ఎవరి రక్తమూ తాగదు. ఎగిరి పడే తీరు చూసి తగిలించిన పేరు, పాపం, అలాగే నిలిచిపోయింది. డాఫ్నియా అనేది ప్రజాతి పేరు, 1785లో ముల్లర్ అనే శాస్త్రజ్ఞుడు పెట్టాడు. గ్రీకు పురాణంలో దాఫ్నే అని ఒక వనకన్య ఉంది, పారిపోతూ పారిపోతూ చెట్టుగా మారిపోయింది. రూపం మార్చుకునే జీవికి ఆ పేరు కుదిరింది.

ఇప్పుడు తెర మీదికి చూడండి. మైక్రోస్కోపు కింద ఒక చుక్క నీళ్లలో ఎడమ సీసాలోంచి తీసిన డాఫ్నియా మాగ్నా ఉంది. ఈ జాతి పెద్దది, 5 మిల్లీమీటర్ల దాకా పెరుగుతుంది. మిగతా జాతులు చాలావరకు ఇంతకంటే చిన్నవి.

పక్కకు పడుకుని ఉంది. తల ఇటు, తోక ముల్లు అటు. తల దగ్గర నల్లగా వణుకుతున్నది కన్ను. ఒక్కటే ఉంటుంది. లోపల 22 చిన్న కళ్లు కలిసిన సంయుక్త నేత్రం, క్షణం కూడా నిలకడగా ఉండదు, చూస్తున్నారుగా. తల పక్కనుంచి కొమ్మల్లా చాచుకున్నవి రెండో జత స్పర్శశృంగాలు. ఇవే దాని తెడ్లు. ఒక్క తోపు తోస్తే పైకి లేస్తుంది, ఆపితే మెల్లగా దిగుతుంది, మళ్లీ తోపు. జీవితమంతా ఇదే ఎక్కడం, దిగడం.

ఒంటిని రెండు వైపులా కప్పింది పెంకు, పుస్తకం అట్టల్లాగా, కడుపు వైపు తెరిచి ఉంటుంది. లోపల కాళ్లు ఆడుతున్నాయి, కానీ నడవడానికి కాదు. ఆ కాళ్ల అంచున దువ్వెన పళ్లలా సన్నటి వెంట్రుకలున్నాయి. కాళ్లు ఆడినప్పుడు నీళ్లు లోపలికి వస్తాయి, నీళ్లలోని శైవలాలు, అంటే కంటికి ఆనని నాచు, బాక్టీరియా ఆ దువ్వెనలకు తగులుకుంటాయి, అవి ముద్దయి నోటికి చేరతాయి. ఆ ఆకుపచ్చ గీత కనిపిస్తోందా, వంపు తిరిగి? అది పేగు. పొద్దున పెట్టిన ఆహారం అక్కడిదాకా వచ్చింది. 

పేగు పైన, వీపు వైపు, తపతపా కొట్టుకుంటున్నది గుండె. వేలితో బల్ల మీద తాళం వెయ్యండి చూద్దాం... అందలేదు కదా! నిమిషానికి 200 దాటి కొట్టుకోవడం దీనికి మామూలు. వేడిని బట్టి మారుతుంది. మైక్రోస్కోపు దీపానికి ఈ చుక్క మెల్లగా వెచ్చబడుతోంది, కాసేపటికి ఇంకా జోరందుకుంటుంది. బడిపిల్లలకు ఈ గుండె మీద కాఫీలోని కెఫీన్ ప్రభావం చూపించే ప్రయోగం చాలాచోట్ల చేయిస్తారు. నా మాట అడిగితే ఏమీ పొయ్యకుండా ఊరికే చూసినా చాలు.

గుండెకు వెనక, వీపుకీ పెంకుకీ మధ్య ఖాళీ ఉంది. అందులో గుండ్రటివి... లెక్కపెట్టండి, పది పన్నెండు ఉన్నాయి. గుడ్లు కావవి, గుడ్లుగా ఉండే దశ దాటిపోయింది. ఒక్కోదాంట్లో రెండు నల్ల చుక్కలు కనిపిస్తున్నాయి చూడండి. అవి కళ్లు. తల్లికి ఒకే కన్ను ఉంటే పిల్లకు రెండేమిటి? పిండంలో రెండుగానే మొదలవుతాయి, పోను పోను దగ్గరికి జరిగి ఒకటైపోతాయి. మీరు చూస్తున్నది ఆ జరగడానికి ముందు ఘట్టం.

ఈ పిల్లలకు తండ్రి లేడు. తల్లి ఒంటరిగా కన్నది. అనిషేక జననం అని పుస్తకాల్లో ఉంటుంది. గుడ్డు ఫలదీకరణ లేకుండానే పిల్ల అవుతుంది, జన్యువుల్లో తల్లికి నకలు. 20 డిగ్రీల దగ్గర మూడు రోజుల్లో పిల్లలు ఈ సంచిలోంచి బయటపడతాయి. వెంటనే తల్లి కుబుసం విడుస్తుంది. పాత పెంకు వదిలాక, కొత్తది ఇంకా మెత్తగా ఉండగానే, తర్వాతి విడత గుడ్లు సంచిలోకి దిగిపోతాయి. మూడు నాలుగు రోజులకో కాన్పు! పిల్ల పుట్టిన వారం పది రోజులకు తనూ తల్లి అవుతుంది. మొన్నటిదాకా తేటగా ఉన్న కొలనులో ఇవాళ చేత్తో నీళ్లు ముంచితే నలుసులు వచ్చేది ఇందుకే.

మరి మగవి లేవా? ఉన్నాయి, అవసరం పడినప్పుడు. గుంపు పెరిగి ఇరుకై, తిండి తగ్గి, పగటి పొద్దు కురచబడి, చలికాలమో ఎండిపోయే కాలమో దగ్గరపడుతోందని నీళ్లు చెప్పగానే అదే తల్లి మగపిల్లల్ని కంటుంది. ఇక్కడొక తమాషా ఉంది. ఆ కొడుకూ జన్యువుల్లో తల్లికి నకలే. మనలో మాదిరి మగవాడికి వేరే క్రోమోజోము ఉండదు. గుడ్డు ఎదిగే దశలో తల్లి ఒంట్లో ఒక హార్మోను పెరిగితే కొడుకు, లేకపోతే కూతురు. ఆడా మగా అన్నది పుట్టుకతో రాసిపెట్టిన సంగతి అనుకునేవాళ్లను డాఫ్నియా ముందు కాసేపు కూర్చోబెట్టాలి.

మగవాటితో కలిశాక ఆడది వేరే రకం గుడ్లు పెడుతుంది, సాధారణంగా రెండే. వాటి చుట్టూ వీపు మీది పెంకు నల్లబడి గట్టిపడుతుంది. ఆకారం గుర్రపు జీనులా ఉంటుంది, అందుకే దానికి ఎఫిపియం అని గ్రీకు మాట. కుబుసంతోపాటు ఆ జీను ఊడి, తేలితే తేలుతుంది, లేదా అడుగున బురదలోకి దిగుతుంది. నీళ్లు ఎండిపోనీ, గడ్డకట్టనీ, ఆ రెండు గుడ్లకు ఏమీ కాదు. పక్షి కాళ్లకు, ఈకలకు అంటుకుని ఇంకో చెరువుకు పోతాయి. కడుపులోకి పోయినా అరగకుండా బయటపడగలవు.

ఎంతకాలం ఆగగలవు? అమెరికాలో మిన్నెసోటా రాష్ట్రంలో సౌత్ సెంటర్ లేక్ అని ఒక సరస్సు ఉంది. దాని అడుగు బురదలో పొరలు పొరలుగా ఉన్న జీనుల్ని తీసి, వయసు కట్టి, గుడ్లను పొదిగించారు. సుమారు 700 ఏళ్ల నాటి గుడ్లు పిల్లలయ్యాయని 2014లో ప్రకటించారు. ఏడు వందల ఏళ్ల కిందటి తల్లికి పుట్టిన పిల్ల ఇవాళ గాజుపాత్రలో ఈదుతోంది. ఈ వాక్యం చెప్పినప్పుడల్లా నేనే ఒకసారి ఆగిపోతాను.

ఇది వింత కోసం చేసిన పని కాదు. యూరప్‌లో కాన్‌స్టెన్స్ సరస్సులోకి 1960, 70లలో పోషకాలు కలిసి నీలి ఆకుపచ్చ శైవలాలు, అంటే సైనోబాక్టీరియా, పెరిగాయి. వాటిలో కొన్ని విషపువి. బురదలో పాత పొర గుడ్లనూ కొత్త పొర గుడ్లనూ పొదిగించి, రెండు తరాలకూ అదే విషపు తిండి పెట్టి చూశారు. పాతవి తట్టుకోలేకపోయాయి, కొత్తవి చాలావరకు తట్టుకున్నాయి. 1999లో వచ్చిన ఫలితం ఇది. పరిణామం లక్షల ఏళ్ల వ్యవహారం అని చదువుకున్నాం. ఇక్కడ అది ఓ పదేళ్లలో జరిగింది, సాక్ష్యం బురదలో దొరికింది.

రుచి పట్టే తెలివి అన్నాను కదా, దాని అసలు కథకు వద్దాం. డాఫ్నియాను తినేవాళ్లు రెండు రకాలు. ఒకరు చేపలు, చూసి వేటాడతాయి, పెద్దదాన్ని ఏరుకుంటాయి. రెండోది కేయోబోరస్ అనే ఈగ లార్వా. దోమకు చుట్టం, ఇది కూడా గాజులా ఉంటుంది, నీళ్లలో కదలకుండా వేలాడుతూ అందిన చిన్నదాన్ని పట్టేస్తుంది. చేపకు పెద్దది కావాలి, లార్వాకు చిన్నది కావాలి. ఎటు పెరిగినా చిక్కే!

కేయోబోరస్ ఉన్న నీళ్లలో డాఫ్నియా పులెక్స్ అనే ఇంకో జాతి పిల్లలకు మెడ మీద చిన్న పళ్లు లేస్తాయి. ఆ పళ్లున్న పిల్ల లార్వా నోట్లో సరిగా ఇమడదు, జారిపోతుంది. లార్వా లేని నీళ్లలో అదే తల్లి పిల్లలకు మెడ నున్నగా ఉంటుంది. లార్వాను అసలు వెయ్యక్కర్లేదు, లార్వా ఉండి వెళ్లిన నీళ్లు వడకట్టి పోసినా పళ్లు వస్తాయి. అంటే నీళ్లలో ఏదో రసాయనం ఉంది. అదేమిటో పట్టుకోవడానికి దశాబ్దాలు పట్టింది. 2018లో తేలింది: లార్వా తిండిని అరిగించుకునేటప్పుడు కొవ్వు ఆమ్లాలకు గ్లూటమిన్ అనే అమైనో ఆమ్లం తగిలించి తయారుచేసే పదార్థాలు అవి. మరుసటి ఏడాది చేపల సంగతీ బయటపడింది. చేప పైత్యరసంలో ఉండే ఒక లవణం నీళ్లలోకి వస్తుంది, డాఫ్నియా మాగ్నా దాన్ని పసిగట్టి పగలు లోతుకు దిగిపోతుంది.

ఒక్కసారి ఆలోచించండి. దొంగ తన అడుగుల చప్పుడు ఆపుకోగలడు. కానీ తిన్నది అరిగించుకోవడం ఆపుకోగలడా? వేటగాడు దాచుకోలేని దాన్నే డాఫ్నియా గుర్తుగా పెట్టుకుంది. జీవశాస్త్రంలో నాకు తెలిసిన అందమైన విషయాల్లో ఇదొకటి.

కొన్ని జాతులకు తల మీద టోపీలా శిఖరం పెరుగుతుంది. డాఫ్నియా లమ్‌హోల్ట్జికి తలకూ తోకకూ ఈటెల్లాంటి పొడుగు ముళ్లు వస్తాయి, చిన్న చేప నోట్లో పెట్టుకుని ఉమ్మేస్తుంది. ఇంకో జాతిలో తల్లి వేటగాడి వాసన చూస్తే పిల్లలు టోపీలతోనే పుట్టడం 1999లోనే చూశారు. మరి అంత మేలైతే ఎప్పుడూ టోపీ పెట్టుకునే తిరగొచ్చు కదా అంటారేమో. ఖర్చు ఉంటుందండీ. కవచానికి పెట్టినది గుడ్లకు పెట్టలేదు. లోతుకు దిగడానికీ ఖర్చు ఉంది. అడుగున చలి, తిండి తక్కువ, పెరుగుదల మందగిస్తుంది. చీకటి పడ్డాక పైకొచ్చి తిని, తెల్లారేలోపు దిగిపోతుంది. రోజూ ఇదే రాకపోక. బెల్జియంలో ఒక చేపల చెరువు బురదలోంచి పాత గుడ్లు పొదిగించి చూస్తే, చేపల్ని దట్టంగా వేసిన ఏళ్ల నాటి డాఫ్నియా వెలుతురుకు దూరంగా పోవడంలో ముందున్నాయి, చేపలు తగ్గాక ఆ గుణం సడలింది.

సరస్సుకు ఇవి ఏం చేస్తాయన్నది కాస్త త్వరగా చెప్తాను. పెద్ద డాఫ్నియా ఒకటి గంటకు కొన్ని మిల్లీలీటర్ల నీళ్లు వడకడుతుంది. ఒకటంటే ఏముంది, లక్షలున్నప్పుడు లెక్క మారుతుంది. చలి దేశాల సరస్సుల్లో వసంతం చివర ఉన్నట్టుండి నీళ్లు తేటబడే రోజులుంటాయి, శైవలాల్ని ఇవి మేసేయడం వల్లే. చేపలు ఎక్కువైతే ఆ తేట ఉండదు. అమెరికాలో కనెక్టికట్ రాష్ట్రంలోని క్రిస్టల్ లేక్‌లో బ్లూబ్యాక్ హెర్రింగ్ అనే చేప చేరకముందు 1942లో ఉన్న నీటి జీవుల్నీ, చేరాక 1964లో ఉన్నవాటినీ పోల్చి బ్రూక్స్, డాడ్‌సన్ అనే ఇద్దరు శాస్త్రజ్ఞులు 1965లో ఒక వ్యాసం రాశారు. పెద్దవన్నీ మాయమై చిన్న జాతులు మిగిలాయి. పై నుంచి తినేవాడు మారితే కింద నీటి రంగే మారుతుందని ఆ వ్యాసంతో చాలామందికి బుర్రకెక్కింది.

అమెరికాలోనే విస్కాన్సిన్ రాష్ట్రంలో మెండోటా సరస్సు కథ ఇంకా చేదుగా ఉంటుంది. అక్కడ 2009లో బైథోట్రెఫీస్ అనే ముళ్ల జీవి పెద్ద సంఖ్యలో కనబడింది. అది డాఫ్నియాకు బంధువే, పై ఊరి నుంచి వచ్చిన బంధువు, డాఫ్నియానే తింటుంది. డాఫ్నియా పడిపోయింది, నీటి తేట దాదాపు ఒక మీటరు తగ్గింది. పొలాల నుంచి వచ్చి శైవలాల్ని పెంచే భాస్వరాన్ని ఎంతో తగ్గిస్తే తప్ప ఆ నష్టం పూడదని లెక్కలు కట్టారు. కంటికి ఆనని జీవి ఉచితంగా చేసిపెడుతున్న పని విలువ అది పోయాకే తెలిసింది. ఇంకో ఇబ్బంది సున్నం. కుబుసం విడిచినప్పుడల్లా కొత్త పెంకుకు కాల్షియం నీళ్లలోంచే తెచ్చుకోవాలి. కెనడాలో ఆమ్ల వర్షాలు నేలలోని కాల్షియాన్ని కడిగేసిన చోట, లీటరుకు 1.5 మిల్లీగ్రాముల కంటే తగ్గిన సరస్సుల్లో డాఫ్నియా కుదురుకోలేకపోతోంది.

వైద్యశాస్త్రానికీ దీనికీ ఒక పాత లంకె ఉంది. 1884లో ఇల్యా మెచ్నికాఫ్ అనే రష్యన్ శాస్త్రజ్ఞుడు డాఫ్నియాకు వచ్చే ఒక ఈస్టు జబ్బును మైక్రోస్కోపు కింద గమనించాడు. సూదుల్లాంటి బీజాలు పేగును గుచ్చుకుని ఒంట్లోకి వస్తున్నాయి. రక్తకణాలు వాటి చుట్టూ మూగి మింగేస్తున్నాయి. కణాలు గెలిస్తే జీవి బతుకుతోంది, ఈస్టు గెలిస్తే చస్తోంది. కోసి చూడక్కర్లేదు, ఒళ్లు గాజు కదా, యుద్ధమంతా బయటికే కనిపించింది. రోగనిరోధక శక్తి మీద ఆయన కృషికి 1908లో నోబెల్ వచ్చింది.

ఇక జన్యువుల గొడవ ఒక ముక్కలో. 2011లో డాఫ్నియా పులెక్స్ జీనోమ్, అంటే దాని జన్యు సమాచారమంతా, వచ్చినప్పుడు దాదాపు 31,000 జన్యువులున్నాయి, మనిషికంటే ఎక్కువ అని పత్రికలు హోరెత్తించాయి. తర్వాత 2017లో మెరుగ్గా కూర్చి లెక్కిస్తే 18,000 పైచిలుకు తేలాయి. మొదటి అంకె మాత్రం ఇంకా తిరుగుతూనే ఉంది.

కొత్త రసాయనం ఏదైనా నీటికి చేటా కాదా చూడాలంటే మొదట పరీక్షించేది దీని మీదే. పుట్టి 24 గంటలు దాటని పిల్లల్ని ఆ నీళ్లలో వేసి 48 గంటలు ఉంచుతారు. పాత్రను మెల్లగా కదిపాక 15 సెకన్లలో ఈదకపోతే కదలలేనిదని రాసుకుంటారు. అన్నీ ఒకే తల్లి నకళ్లు కావడం ఇక్కడ కలిసొస్తుంది, తేడా వస్తే నీళ్ల వల్లే అనుకోవచ్చు.

ప్రశ్నలుంటే అడగండి... ఏమ్మా, గట్టిగా చెప్పు. తాగే నీళ్లలో ఇవి ఉంటే జబ్బు చేస్తుందా అంటోంది. డాఫ్నియా వల్ల కాదు తల్లీ. నువ్వు వినుంటావు, నారికురుపు. దాన్ని మోసేది సైక్లాప్స్, ఇంకో చిన్న క్రస్టేషియన్. దాన్ని కూడా నీటి ఈగ అనేస్తారు, అక్కడే గందరగోళం. ఆ జబ్బు ఉన్న చోట్ల నీళ్లు గుడ్డతో వడకట్టమన్నది సైక్లాప్స్‌ను ఆపడానికే.

ఇంకెవరైనా? వీటిని ఇంట్లో పెంచొచ్చా అంటున్నారు ఆయన. పెంచొచ్చండీ, కానీ నేను మొదట్లో చేసిన పొరపాటు చెయ్యకండి. ఒకసారి సీసా మారుస్తూ ఎత్తునుంచి ధారగా పోశాను. కాసేపటికి సగానికి పైగా నీటి పైన తెట్టులా తేలాయి. చచ్చాయనుకున్నాను. లెన్సు పెట్టి చూస్తే ఒక్కోదాని పెంకు కింద ఒక గాలి బుడగ, లోపల గుండె కొట్టుకుంటూనే ఉంది. కిందికి దిగలేక, పైన తిండి లేక, రెండు రోజుల్లో చాలావరకు పోయాయి.

అదిగో, తెర మీద చూశారా? సంచి వెనక భాగం వంచి తెరుస్తోంది... ఒకటి వచ్చింది. ఇంకోటి. మనం మాట్లాడుతుండగానే కాన్పు అయిపోతోంది. గుండె కూడా ఇందాకటికంటే జోరుగా ఉంది, చుక్క వేడెక్కినట్టుంది. దీపం ఆర్పేస్తున్నాను. తల్లినీ పిల్లల్నీ వెడల్పు గొట్టంలోకి తీసుకుని... ఇదిగో, గొట్టం కొసను నీళ్ల కిందికి ముంచి, అక్కడ వదులుతున్నాను. వెళ్లిపోయాయి. ఎడమ సీసాలోనే వేశాను.